రాజ్-డీకే తొలి దశ చిత్రాలు

రాజ్-డీకే అను జంట పేరుతో ప్రసిద్ధులైన రాజ్ నిడిమోరు, కృష్ణ డీకే భారతీయ చలనచిత్ర రచయితలు, దర్శకులు, నిర్మాతలు. రాజ్ తిరుపతికి, కృష్ణ చిత్తూరుకు చెందినవారు. ఇద్దరూ తిరుపతిలోని శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయ ఇంజనీరింగు కళాశాల విద్యార్థులు. అమెరికాలో సాఫ్టువేరు ఉద్యోగాలు చేస్తూ సినిమా రంగంలో అడుగుపెట్టి, 2003లో ఫ్లేవర్స్ అను ఆంగ్ల చిత్రముతో దర్శకులయ్యారు. 99 (2009), షోర్ ఇన్ ది సిటీ (2011), గో గోవా గాన్ (2013) వీరి తొలి హిందీ చిత్రాలు. 2019లో వెలువడిన ది ఫ్యామిలీ మ్యాన్ ధారావాహికతో వీరి పేరు దేశమంతటా తెలిసింది.

ఆ కీర్తికి ముందున్న పదేళ్ళ ప్రయాణమే ఈ వ్యాసానికి ముఖ్య విషయము. చిత్తూరు సీమకు చెందిన ఇద్దరు తెలుగువారు తమ మొదటి చిత్రమును ఆంగ్లములోను, తరువాతి చిత్రాలను హిందీలోను ఎందుకు తీయవలసి వచ్చినది, ఆ క్రమములో తెలుగు సినిమాకు కలిగిన నష్టమేమి, పిదప వారు తెలుగులో కొత్తవారికి ఏ విధముగా తోడ్పడినారు అను ప్రశ్నలు ఇందులో చర్చించబడినవి.

ప్రాంతీయ నేపథ్యము

తిరుపతి, తిరుచానూరు ప్రాంతానికీ సినిమాకూ ఉన్న సంబంధము ఒకింత విచిత్రమైనది. కొత్త సినిమా విడుదలకు ముందో తరువాతో నటులు, నిర్మాతలు తిరుమల కొండకు వచ్చి స్వామిని సేవించుకొనడం, దిగి వచ్చి తిరుచానూరులో పద్మావతీ అమ్మవారి దర్శనము చేసుకొనడం చాలాకాలంగా ఉన్న ఆనవాయితీ. మరునాటి జిల్లా పత్రికలలో ఆ ఛాయాచిత్రాలు తప్పక ఉంటాయి. సినిమావారు ఈ ఊళ్ళకు యాత్రికులుగా వస్తారు, వెళ్తారు. ఇక్కడ పుట్టి పెరిగి ఇక్కడి మనుషుల గురించి, ఇక్కడి మాటతో కథ వ్రాసి దర్శకత్వము వహించినవారిని లెక్కించబోతే మాత్రము చేతి వేళ్ళు మిగిలిపోతాయి.

దీనికి భౌగోళిక కారణమును చెప్పడము కష్టము. తెలుగు సినిమా మద్రాసులో ఉన్నంత కాలము తిరుపతి దానికి చాలా దగ్గరి ఊరు. చెన్నై ఇక్కడికి సుమారు 140 కిలోమీటర్లు మాత్రమే. పొద్దున బస్సెక్కి మధ్యాహ్నానికి ఏదో ఒక స్టూడియో గేటు ముందు నిలబడవచ్చు. రాయలసీమ వారికి ఆ దారి కొత్త కాదు. వాహినీ సంస్థతో తెలుగు సినిమాకు ఒక స్థాయిని తెచ్చిన బి.ఎన్.రెడ్డి కడప జిల్లా వాడు; అదే సంస్థలో పనిచేస్తూ భక్త పోతనతో దర్శకుడైన కె.వి.రెడ్డి అనంతపురం జిల్లా తాడిపత్రి వాడు. చిత్తూరు జిల్లా మోదుగులపాలెంలో పుట్టిన మోహన్ బాబు మద్రాసు వెళ్ళి, 1975లో దాసరి నారాయణరావు తీసిన స్వర్గం నరకం ద్వారా నటుడైనాడు.

చిత్ర పరిశ్రమ క్రమముగా హైదరాబాదుకు తరలినది. 1976లో అన్నపూర్ణ స్టూడియో ఏర్పడిన తరువాత ఈ తరలింపు వేగము పుంజుకొని, 1990ల తొలి నాళ్ళకు దాదాపు పూర్తయినది. అంతవరకు 140 కిలోమీటర్ల దూరములో ఉన్న పరిశ్రమ దక్షిణ రాయలసీమ యువకునికి ఒక్కసారిగా 550 కిలోమీటర్ల పైచిలుకు దూరమైపోయినది. హైదరాబాదు తరలింపు గురించి వ్రాసినవారు కోస్తా, తెలంగాణల కోణమునుండి చాలా వ్రాసారు గాని, చిత్తూరు జిల్లాకు జరిగిన ఈ మార్పును ఎవరూ అంతగా పట్టించుకున్నట్లు లేదు.

రాజ్, కృష్ణ ఇంజనీరింగు చదివినది సరిగ్గా ఈ దశాబ్దములోనే. 1954లో ఏర్పడిన శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయములో ఇంజనీరింగు కళాశాల 1959లో ప్రారంభమైనది. 1990లలో అక్కడినుండి బయటికి వచ్చే విద్యార్థులకు ముందున్న పెద్ద దారి హైదరాబాదు కాదు, అమెరికా. హెచ్-1బి వీసాల వార్షిక పరిమితిని ఆ దేశము 1999లో 65,000 నుండి 1,15,000కు, 2001 నుండి మూడేళ్ళ పాటు 1,95,000కు పెంచినది. తెలుగు ఇంజనీర్లు వేల సంఖ్యలో వెళ్ళిన కాలమది. వీరిద్దరూ ఆ అలలోనే వెళ్ళారు. ఏ సినిమా పాఠశాలలోనూ చదవలేదు, ఏ దర్శకుని దగ్గరా శిష్యరికము చేయలేదు.

సహాయ దర్శకునిగా చేరి, పదేళ్ళు క్లాప్ బోర్డు పట్టి, చివరికి ఒక నిర్మాత దయతలిస్తే దర్శకుడు కావడం తెలుగు పరిశ్రమలో స్థిరపడిన పద్ధతి. సినీ కుటుంబములో పుట్టడం రెండవది. ఈ రెండూ లేనివారికి 2000 ప్రాంతములో మూడవ దారి ఒకటి తెరుచుకున్నది. అది జీతము డబ్బు.

జీతము డబ్బుతో సినిమా

ఈ మూడవ దారిని ముందుగా చూపినవాడు నగేష్ కుకునూర్. హైదరాబాదుకు చెందిన ఈయన అమెరికాలో ఇంజనీరుగా కూడబెట్టిన డబ్బుతో, సుమారు 17 లక్షల రూపాయల వ్యయముతో, 1998లో హైదరాబాద్ బ్లూస్ తీసాడు. అందులో ప్రధాన భాష ఆంగ్లము. అమెరికాలో సినిమా చదువు చదివిన శేఖర్ కమ్ముల 2000లో డాలర్ డ్రీమ్స్ తీసాడు. అమెరికా వెళ్ళాలా వద్దా అని తర్జనభర్జన పడే యువకుల కథ అది. దానికి తొలి చిత్ర దర్శకునికిచ్చే జాతీయ పురస్కారము లభించినది. అమెరికానుండే వచ్చిన దేవా కట్టా 2005లో వెన్నెల తీసాడు. అమెరికాలో స్థిరపడిన ఇతర భారతీయులు కూడ అమెరికన్ దేశీ (2001) వంటి చిత్రాలు తీసారు. ఫ్లేవర్స్‌ను ఈ వరుసలో ఉంచి చూడవలెను.

రాజ్-డీకే మొదట లఘుచిత్రాలతో చేయి తిప్పుకున్నారు. వాటిలో 2002 నాటి షాదీ.కామ్ ఒకటి. తరువాతి ఏడాది తయారైన ఫ్లేవర్స్‌కు నిర్మాత అనుపమ్ మిట్టల్. అదే పేరుగల పెళ్ళి సంబంధాల వెబ్‌సైటు స్థాపకుడైన ఈయనే తరువాత 99 చిత్రానికి కూడ నిర్మాత. సినిమా రంగానికి వెలుపలి వ్యక్తి వీరి మొదటి రెండు చిత్రాలకు పెట్టుబడి పెట్టడం గమనార్హము. కథ, సంభాషణ, దర్శకత్వము అన్నీ తామే చేసుకొనే కొత్తవారిని నమ్మడానికి పాత నిర్మాతలకన్న బయటివారే సిద్ధపడతారన్నది అప్పటికే కుకునూర్ విషయములో తేలిన సంగతి.

ఫ్లేవర్స్‌లో కథానాయకుడు ఒక్కడు లేడు. అమెరికాలో ఉన్న కొందరు భారతీయుల కథలు పక్కపక్కన నడచి చివరికి ఒకచోట కలుస్తాయి. ఉద్యోగాలు పోయి ఒకే గదిలో రోజులు గడుపుతున్న ప్రోగ్రామర్లు, అమెరికన్ అమ్మాయిని పెళ్ళాడబోతున్న కొడుకు కోసం విమానమెక్కి వచ్చిన తల్లిదండ్రులు, భర్త ఆఫీసుకు పోయాక శివారు ఇంట్లో ఏమీ తోచని ఇల్లాలు, దూరాన ఉండి ఫోనులో మాట్లాడుకొనే స్నేహితులు ఇందులోని మనుషులు. తల్లిదండ్రులుగా అంజన్ శ్రీవాస్తవ్, భారతీ ఆచ్రేకర్ నటించారు. దూరదర్శన్‌లో వాగ్లే కీ దునియా చూసి పెరిగిన తరానికి ఈ దంపతులు చిరపరిచితులే.

ఉద్యోగాలు పోయిన ప్రోగ్రామర్ల గది ఈ చిత్రములో అన్నిటికన్న బలమైన భాగము. 2000-2001లో డాట్ కామ్ సంస్థలు కూలినప్పుడు వేలాది తెలుగువారికి ఇదే అనుభవము. ప్రాజెక్టు లేక, జీతము లేక, వీసా గడువు తరుముతుంటే, ఇంటికి ఫోను చేసి మాత్రము అంతా బాగున్నదని చెప్పుకున్న రోజులవి. తిరుపతిలోనో గుంటూరులోనో ఆ ఫోను ఎత్తిన తల్లిదండ్రులు కూడ ఎందరో. ఇంత విస్తృతమైన తెలుగు అనుభవమును తొలినాళ్ళలోనే తెరకెక్కించినవారిలో ఇద్దరు తెలుగువారు ఉన్నారు, కాని ఆ గదిలోని మాటలు ఆంగ్లములో ఉన్నాయి. అమెరికాలోని వేర్వేరు రాష్ట్రాల భారతీయులందరికీ ఉమ్మడి భాష ఆంగ్లమే కనుక ఆ నిర్ణయము సహజమే. పెట్టుబడి పెట్టినవాడు, నటించినవారు, చూడబోయేవారు అందరూ ఆ ఉమ్మడి లోకానికి చెందినవారు.

అయినా దాని ఫలితము చిన్నది కాదు. ఒక దర్శకుని మొదటి చిత్రమును ఎవరు చూస్తారో వారే రెండవ చిత్రానికి దారి చూపుతారు. ఫ్లేవర్స్‌ను చూసి అర్థము చేసుకోగలిగినవారు ముంబైలో ఉన్నారు.

తెలుగు తలుపు మూసి ఉన్నదా?

ఈ ప్రశ్నకు అవునని చెప్పడము తొందరపాటే అవుతుంది. 2003లో గుణ్ణం గంగరాజు నిర్మాణములో చంద్రశేఖర్ ఏలేటి తీసిన ఐతే తక్కువ ఖర్చుతో, పేరున్న తారలు లేకుండా విజయము సాధించినది. 2004లో శేఖర్ కమ్ముల ఆనంద్ ఆడినది. అదే సంవత్సరము ఇంద్రగంటి మోహనకృష్ణ చలం కథ ఆధారంగా గ్రహణం తీసాడు. కాబట్టి కొత్త రచయిత-దర్శకునికి తెలుగులో చోటే లేదనడం చరిత్రకు విరుద్ధము. ఉన్న చోటు మాత్రము ఇరుకు. కుటుంబ ప్రేక్షకులకు నచ్చే ప్రేమకథ, లేదా బిగువైన నేర కథ వరకు అది సరిపోయేది. నలుగురి కథలు కలగలిపి, పాటలు లేకుండా, వెటకారముగా నడిపే చిత్రానికి సరిపోయేది కాదు.

థియేటర్ల లెక్క దీనికి ఒక కారణము. ఢిల్లీ సాకేత్‌లో 1997లో మొదటి మల్టీప్లెక్సు వచ్చిన తరువాత హిందీ పెద్ద నగరాలలో వంద, రెండు వందల సీట్ల తెరలు పెరిగినవి. చిన్న హిందీ చిత్రము ఆ తెరలమీద బ్రతకగలిగినది. హైదరాబాదులో ప్రసాద్స్ 2003లో మొదలైనది. తిరుపతి, చిత్తూరు, మదనపల్లె వంటి ఊళ్ళలో ఇంకా చాలాకాలము పెద్ద హాళ్ళే. ఎనిమిది వందల సీట్ల హాలు నింపలేని సినిమా రెండవ రోజే మారిపోతుంది. ఈ లెక్కను ఎరిగిన తెలుగు పంపిణీదారుని తప్పు పట్టడము సులభమే గాని న్యాయము కాదు.

మరొక దేశముతో పోల్చి చూస్తే విషయము ఇంకొంత స్పష్టమవుతుంది. డెన్మార్కు జనాభా సుమారు 60 లక్షలు. అక్కడ 1966లో జాతీయ చలనచిత్ర పాఠశాల ఏర్పడినది. లార్స్ వాన్ ట్రియర్, థామస్ వింటర్‌బెర్గ్ అందులో చదివినవారే. అక్కడి చలనచిత్ర సంస్థ ప్రభుత్వ ధనముతో చిత్రాలకు తోడ్పడుతుంది. 2003లో, అనగా ఫ్లేవర్స్ వచ్చిన సంవత్సరములోనే, కొత్త ప్రతిభకోసము ప్రత్యేకముగా ఒక నిధి పథకమును కూడ ప్రారంభించారు. డేనిష్ భాషలో చిత్రము తీయదలచిన కొత్త రచయిత-దర్శకుడు తన భాషను వదలుకొనక మొదటి చిత్రము పూర్తిచేయగలిగే ఏర్పాటు ఇది. 2011 జనాభా లెక్కల ప్రకారము భారతదేశములో తెలుగు మాతృభాషగా గలవారు 8.11 కోట్లు. ఈ భాషలో ఏడాదికి వందకు పైగా సినిమాలు వస్తాయి. కాని తొలి చిత్ర దర్శకునికి ప్రభుత్వమునుండి అందుతూ వచ్చిన గుర్తింపు సినిమా పూర్తయిన తరువాత ఇచ్చిన నంది పురస్కారము. అది కూడ 2014, 2015, 2016 సంవత్సరాలకు కలిపి 2017 నవంబరులో ప్రకటించిన పిదప ఏళ్ళ తరబడి ఆగిపోయినది. సినిమా తీయడానికి ముందు చేయి అందించే సంస్థ ఏదీ లేనప్పుడు, అమెరికా జీతమే ఆ సంస్థ పని చేసినది.

99

రెండవ చిత్రానికి ఆరేళ్ళు పట్టినది. ఫ్లేవర్స్ 2003లో, 99 చిత్రము 2009లో. తొలి చిత్రముతో మెప్పు పొందిన దర్శకులకు రెండవదానికి ఇంత వ్యవధి రావడము అరుదు కాదు గాని, ఈ ఆరేళ్ళలో వారు హిందీ పరిశ్రమకు పూర్తిగా కొత్తవారు, ఆ భాషకు కూడ బయటివారు అన్నది గుర్తుంచుకోవలెను. రచనలో వీరికి తోడైన సీతా మేనన్ ఈ చిత్రమునుండి వీరి బృందములో ముఖ్యురాలు.

99లో కునాల్ ఖేము, సైరస్ బ్రోచా నకిలీ సిమ్ కార్డులు చేసి బ్రతికే ముంబై చిల్లర మోసగాళ్ళు. పోలీసులనుండి పారిపోతూ ఒక బుకీ కారు ఎత్తుకుపోయి దానిని ధ్వంసము చేస్తారు. ఆ బాకీ తీర్చడానికి ఢిల్లీ వెళ్ళి, జూదములో మునిగిన వ్యక్తి (బొమన్ ఇరానీ) వద్ద డబ్బు వసూలు చేయవలసి వస్తుంది. కథాకాలము 1999-2000. హాన్సీ క్రోన్యే పేరుతో బయటపడిన క్రికెట్ మ్యాచ్ ఫిక్సింగు వ్యవహారము నేపథ్యము. నూరుకు ఒకటి తక్కువలో ఆగిపోయే మనుషుల కథ కనుక ఆ పేరు.

ఈ చిత్రము 2009 మే 15న విడుదలైనది. లాభాల పంపకముపై తగాదాతో హిందీ నిర్మాతలు మల్టీప్లెక్సులకు కొత్త సినిమాలు ఇవ్వడము ఆపివేసిన కాలమది. ఏప్రిల్‌లో మొదలైన ఆ ప్రతిష్టంభన జూన్ వరకు సాగినది. పెద్ద సినిమాలు లేని ఆ ఖాళీ వేసవిలో చిన్న సినిమా ఒకటి కంటపడడానికి అవకాశము దొరికినది.

షోర్ ఇన్ ది సిటీ

తొలి దశలో వీరి ఉత్తమ చిత్రము ఇదేనని చెప్పవచ్చు. ఏక్తా కపూర్ సంస్థ నిర్మించిన ఈ చిత్రము 2010లో దక్షిణ కొరియాలోని పూసాన్ చలనచిత్రోత్సవములో ప్రదర్శించబడి, 2011 ఏప్రిల్ 28న విడుదలైనది. ముంబైలో వినాయక చవితి ఉత్సవాల పదకొండు రోజులలో మూడు కథలు జరుగుతాయి. దొంగ ముద్రణ పుస్తకాలు అమ్మే తిలక్ (తుషార్ కపూర్), అతని ఇద్దరు మిత్రులు లోకల్ రైలులో చేజిక్కిన సంచిలో ఆయుధాలు చూస్తారు. విదేశమునుండి తిరిగివచ్చి చిన్న వ్యాపారము పెట్టుకున్న అభయ్ (సెంధిల్ రామమూర్తి) వద్ద వీధి రౌడీలు మామూళ్ళు వసూలు చేయ చూస్తారు. జట్టులో చోటుకు లంచము ఇవ్వలేని యువ క్రికెటరుగా తెలుగు నటుడు సందీప్ కిషన్ నటించాడు.

తిలక్ పాత్రను కొంచెము నిలిచి చూడవలెను. తాను దొంగతనముగా అచ్చువేసి అమ్మే పుస్తకమును అతడు అక్షరమక్షరము కూడబలుక్కొని చదవడము మొదలుపెడతాడు. కొత్తగా పెళ్ళాడిన, తనకన్న చదువుకున్న భార్య (రాధికా ఆప్టే) ముందు సిగ్గుపడతాడు. ఈ సన్నివేశాలలో కేకలు లేవు, కన్నీళ్ళు లేవు. నేరము చేసేవాడు చదువరిగా మారడము నవ్వు పుట్టిస్తూనే ప్రేక్షకుని మెత్తబరుస్తుంది.

పాటలు పట్టించుకొనక కథావస్తువులను మాత్రమే వరుసగా పేర్చి చూస్తే ఈ జంటకు ఇష్టమైన విషయము బయటపడుతుంది. 99లో నకిలీ సిమ్ కార్డు, షోర్‌లో నకిలీ పుస్తకము, ఎంతో కాలము తరువాత 2023లో ఫర్జీ ధారావాహికలో నకిలీ నోటు. ఫర్జీ అను మాటకు అర్థమే నకిలీ. ఆ ధారావాహికలోనూ ఒక అచ్చు యంత్రము ఉన్నది. అనగా 2023లో కోట్లమంది చూసిన కథకు విత్తనము 2011లో తిలక్ అచ్చు గదిలో పడినదే. అర్హత ఉన్నా అసలు తలుపు తెరుచుకొనక, పక్క తలుపు వెదికే మధ్యతరగతి యువకుడు మూడింటిలోనూ ఉన్నాడు. సినిమా రంగములోనికి వీరు వచ్చిన దారికీ ఈ ఇష్టానికీ సంబంధము ఉన్నదని ఊహించడము అతిశయోక్తి కాబోదు.

ఇద్దరు కలసి వ్రాయడము

తెలుగువారికి జంట రచన, జంట సృష్టి కొత్త కాదు. సాక్షి (1967)తో మొదలైన బాపు-రమణల జంటలో ఒకరు గీత, ఒకరు వ్రాత. పరుచూరి సోదరులు ప్రధానముగా సంభాషణలకు ప్రసిద్ధులు. రాజ్-డీకేలలో అట్టి పని విభజన తెరమీద కనబడదు. రచన, దర్శకత్వము రెండూ ఇద్దరి పేరుమీదనే. దీనికి వారి చదువు ఒక కారణము కావచ్చును. ప్రోగ్రాము వ్రాసేవారు ఒకరు వ్రాసినదానిని మరొకరు సరిచూడడము నిత్యకృత్యము.

వీరి రచనలో గమనించదగిన మరొక లక్షణము భాషల కలగలుపు. ఫ్యామిలీ మ్యాన్‌లో తమిళ పాత్రలు తమిళమే మాట్లాడుతాయి. నాయకుని ఇంటిలోనే రెండు భాషలున్నాయి. చిత్తూరు జిల్లా 1911లో ఉత్తర ఆర్కాటు, కడప జిల్లాల భాగాలతో ఏర్పడినది. 1960లో తిరుత్తణి తమిళనాడుకు పోయినది. ఈ సీమలో సంతకు పోయినవాడు రెండు భాషలలో బేరమాడడము వింత కాదు. ఒక పాత్ర ఇంటిలో ఒక భాష, వీధిలో మరొక భాష మాట్లాడడము వింతగా తోచనివారికి మాత్రమే అట్టి రచన సహజముగా వస్తుంది. ఈ చూపు వీరిని విమర్శనుండి కాపాడలేదు: 2021లో వచ్చిన రెండవ భాగములో ఈలం తమిళులను చిత్రించిన తీరుపై తమిళనాడులో తీవ్ర నిరసన వచ్చినది, నిషేధించవలెనని ఆ రాష్ట్ర ప్రభుత్వము కేంద్రానికి వ్రాసినది.

గోడమీది వ్రాత

గో గోవా గాన్ (2013) గురించి ఎక్కువ చెప్పవలసినది లేదు. గోవా దీవిలో చచ్చి లేచిన మనుషులతో సాగే ఈ హాస్య చిత్రము యువతకు నచ్చినది. దీని తరువాత వచ్చిన హ్యాపీ ఎండింగ్ (2014), ఎ జెంటిల్‌మన్ (2017) పేరున్న తారలతో తీసినవే అయినా తొలి చిత్రాల చురుకుదనము వాటిలో తగ్గినది.

ఈ వ్యాస విషయానికి ఎక్కువ ముఖ్యమైనది 2018 ఆగస్టు 31న విడుదలైన స్త్రీ. అమర్ కౌశిక్ దర్శకత్వము వహించిన ఈ చిత్రానికి రాజ్-డీకే రచయితలు, సహ నిర్మాతలు. రాత్రివేళ వచ్చి తలుపు తట్టే ఆడ దయ్యము, దానిని తప్పించుకొనడానికి గోడలమీద వ్రాసే వ్రాత దీనిలోని మూలాంశము. 1990లలో బడికి పోయిన తెలుగువారికి ఇది ఎవరూ వివరించనక్కరలేదు. ఓ స్త్రీ రేపు రా అని బొగ్గుతోనో సుద్దతోనో తలుపులమీద వ్రాసుకున్న ఊళ్ళు తెలుగుదేశమంతటా ఉన్నాయి. కన్నడదేశములో నాళె బా అన్నారు. ఆ వదంతి ఏ ఊరిలో మొదలైనదో ఏమో గాని, మన గోడలమీద వెలసిపోయిన వ్రాత మధ్యప్రదేశ్‌లోని చందేరీ పట్టణానికి చేరి, హిందీ మాట్లాడి, ఆ ఏడాది పెద్ద విజయాలలో ఒకటైనది.

తెలుగు సినిమాకు కలిగిన నష్టము ఇక్కడ స్పష్టముగా కనబడుతుంది. తీసినవారు తెలుగువారు, కథ వస్తువు తెలుగువారికి సొంతమైనది, వెటకారపు ధోరణి కూడ మన రచ్చబండలదే. భాష ఒక్కటే మనది కాదు. ఇది వారి దోషముగా చెప్పడము తగదు. ముంబైలో పదేళ్ళు నిలదొక్కుకున్నవారికి అక్కడే నిర్మాత, అక్కడే నటులు, అక్కడే ప్రేక్షకుడు దొరికారు.

తెలుగులో నిర్మాతలుగా

తెలుగు వైపు వారు తిరిగి చూడనే లేదనడము కూడ పొరపాటు. 2013 డిసెంబరులో వచ్చిన డి ఫర్ దోపిడి చిత్రానికి వీరు నిర్మాతలు. సిరాజ్ కల్లా దర్శకత్వములో సందీప్ కిషన్, వరుణ్ సందేశ్, అప్పటికి పెద్దగా తెలియని నవీన్ పొలిశెట్టి నటించారు. ఆ చిత్రము అంతగా నిలువలేదు.

2021 మే 14న నెట్‌ఫ్లిక్స్‌లో విడుదలైన సినిమా బండి సంగతి వేరు. కొత్తవారి చిన్న చిత్రాలకోసము వీరు ఏర్పరచిన డీ2ఆర్ ఇండీ సంస్థ నిర్మించిన తొలి చిత్రమిది. ప్రవీణ్ కాండ్రేగుల అను కొత్త దర్శకుడు, వసంత్ మరింగంటి అను రచయిత, దాదాపు అందరూ కొత్త నటులు. ఆంధ్ర-కర్ణాటక సరిహద్దు పల్లెలో వీరబాబు (వికాస్ వశిష్ఠ) అను ఆటో డ్రైవరుకు, ఎవరో మరచిపోయిన ఖరీదైన కెమెరా దొరుకుతుంది. పెళ్ళిళ్ళ ఫొటోగ్రాఫరు గణపతిని కలుపుకొని, మంగలి కొట్టు కుర్రవాడిని హీరోగా, కూరగాయలమ్మే మంగను హీరోయిన్‌గా పెట్టి సినిమా తీయబూనుతాడు. షోర్‌లోని రైలు సంచి ఇక్కడ ఆటోలోని కెమెరా అయినది. అక్కడ దొరికినవి తుపాకులు, ఇక్కడ దొరికినది సినిమా.

ఈ చిత్రములోని మాట ప్రత్యేకముగా పేర్కొనదగినది. కన్నడము తాకిన సరిహద్దు తెలుగు అందులో ఎగతాళికి వాడబడలేదు. ఊరివారందరూ అదే మాట్లాడుతారు కనుక అదే చిత్రము యొక్క భాష. తెలుగు సినిమాలో రాయలసీమ మాండలికము చాలాకాలము ముఠా నాయకుని గర్జనకో, హాస్యగాని చమత్కారానికో పరిమితమై ఉండినది. అదే 2021 డిసెంబరులో వచ్చిన పుష్ప చిత్రములో చిత్తూరు యాస కథానాయకుని నోట పలికినది, ఆ పాత్రకు అల్లు అర్జున్ ఉత్తమ నటునిగా జాతీయ పురస్కారము పొందాడు. దాని దర్శకుడు సుకుమార్ గోదావరి ప్రాంతము వాడు. ఒకే సంవత్సరములో సీమ మాట ఒకసారి కోట్ల వ్యయముతో, మరొకసారి అతి తక్కువ వ్యయముతో తెరకెక్కినది. ఈ రెండింటిలో రెండవది అనుకరించడానికి వీలైనది. తిరుచానూరు కుర్రవాడు ఎవరైనా కెమెరా అరువు తెచ్చుకొని ప్రయత్నించవచ్చు.

ఐతే ఈ మార్గమునకు కూడ పరిమితులున్నవి. సినిమా బండి థియేటర్లకు రాలేదు. అప్పుడు కోవిడ్ రెండవ విడత నడుస్తున్నది. ఆన్‌లైన్ వేదిక కొనుగోలు చేస్తేనే ఇటువంటి చిత్రము పెట్టుబడి తిరిగి వస్తుంది. ఏ చిత్రము కొనాలో నిర్ణయించేది వేదికలవారే. అనగా మద్రాసు స్టూడియో గేటు, హైదరాబాదు నిర్మాత కార్యాలయము ఉన్నచోట ఇప్పుడు మరొక గేటు వచ్చినది. ఆ గేటు దగ్గర కొత్తవాని పక్షాన మాట్లాడడానికి రాజ్-డీకే వంటి పేరున్నవారు ఉండడమే సినిమా బండికి కలిసివచ్చినది.

ప్రవీణ్ కాండ్రేగుల 2025 మే నెలలో శుభం, ఆగస్టులో పరదా చిత్రాలను థియేటర్లలో విడుదల చేసాడు. రెండూ తెలుగు చిత్రాలే. ఫ్లేవర్స్ తరువాత తన గురువులకు రెండవ చిత్రానికి ఆరేళ్ళు పట్టగా, ఇతనికి నాలుగేళ్ళు పట్టినది. భాష మార్చవలసిన అవసరము రాలేదు.